బిల్లు ఆపితే ఎవడికీ నష్టం లేదు, అందుకే ఆపుతారు

ప్రభుత్వం కాంట్రాక్టర్లకి బాకీ పడిందని వార్త వస్తే మా ఆఫీసు క్యాంటీన్లో వినపడే మాట ఒకటే. "వాళ్ళు తిన్నది తక్కువా? అయినా కోర్టుకెళ్తే వడ్డీతో సహా వస్తుందిగా!" ఇందులో రెండు ముక్కలున్నాయి, రెండూ తప్పే.

కాంట్రాక్టర్ అనగానే మనకి ఆనకట్టలు కట్టే పెద్ద కంపెనీలే గుర్తొస్తాయి. ఊళ్ళో సిమెంటు రోడ్డు వేసేవాడూ, బడికి ప్రహరీ కట్టేవాడూ కాంట్రాక్టరే. మా బాబాయి అలాంటివాడు. నూటికి రెండు రూపాయల వడ్డీకి తెచ్చి పని మొదలుపెడతాడు. సిమెంటు కొట్టువాడు ఆగడు, కూలీలు ఆగరు. ఆగేది ప్రభుత్వం బిల్లొక్కటే. రెండు రూపాయలంటే ఏడాదికి 24 శాతం. పనిలో 10 శాతం మిగులుతుందనుకున్నా, బిల్లు ఆర్నెల్లు ఆగితే లాభం పోయి ఎదురు పెట్టుకోవాలి.

ఇక కోర్టు. దారులు లేవనట్లేదు. 226 అధికరణం కింద హైకోర్టులో రిట్ వేయొచ్చు. కాంట్రాక్టు వ్యవహారమైనా సరే, ప్రభుత్వం ఇష్టారాజ్యంగా ప్రవర్తిస్తే రిట్ చెల్లుతుందని సుప్రీంకోర్టు 2003లోనే ఏబీఎల్ ఇంటర్నేషనల్ కేసులో చెప్పింది. కానీ పని ఎంత జరిగిందన్న దాని మీదే తగాదా ఉంటే మామూలుగా సివిల్ కోర్టుకి పొమ్మంటారు. అక్కడ దావా వేయాలంటే ముందు సెక్షన్ 80 నోటీసిచ్చి రెండు నెలలు ఆగాలి. గెలిచాక కూడా డిక్రీ అమలుకి ఇంకో మూడు నెలలు ఆగాలి. వీటికి తోడు మూడేళ్ళ కాలపరిమితి ఒకటి. "వచ్చే నెల వచ్చేస్తుంది లెండి" అన్న నోటిమాట నమ్ముకుని కూచుంటే ఆ మూడేళ్ళూ ఇట్టే గడిచిపోతాయి. ఆలోపు బాకీ ఉందని కాగితం మీద ఒప్పుకుంటేనే గడువు మళ్ళీ మొదలవుతుంది. ఆ కాగితం ఎవడిస్తాడు?

గెలిచినవాళ్ళు లేరా అంటే ఉన్నారు. ఆంధ్రలో 2019 ఎన్నికలకి ముందు చేసిన ఉపాధి హామీ పనుల బిల్లులు ప్రభుత్వం మారాక ఆగిపోయాయి. వందల కొద్దీ రిట్లు పడ్డాయి. 2021 అక్టోబరులో హైకోర్టు నాలుగు వారాల్లో, 12 శాతం వడ్డీతో కట్టమంది. సంతోషమే. కానీ 24కి తెచ్చినవాడికి 12 ఇస్తే మిగతా 12 ఎవరిస్తారు? ఆ ఇచ్చే 12 మాత్రం ఎవరి జేబులోది? బిల్లు ఆపినవాళ్ళ జేబులోంచి రూపాయి పోదు. పోయేది మన పన్నుల డబ్బే.

అదే కాంట్రాక్టరు జీఎస్టీ ఆలస్యంగా కడితే ఏడాదికి 18 శాతం వడ్డీ. దానికి ప్రభుత్వం కోర్టుకెళ్ళక్కర్లేదు, లెక్క దానంతటదే పడుతుంది. మనకి ఇదే కావాలి, అటు వైపు నుంచి కూడా. నిజానికి 2006 నాటి చిన్న పరిశ్రమల చట్టంలో ఇది ఉంది కూడా! 45 రోజులు దాటితే బ్యాంకు రేటుకి మూడు రెట్లు, నెలనెలా చక్రవడ్డీ. కానీ వర్క్స్ కాంట్రాక్టులకి ఇది వర్తించదని కొన్ని హైకోర్టులు తీర్పిచ్చాయి. అంటే రోడ్డు వేసినవాడికి లేదన్నమాట. చట్టంలో ఒక్క వాక్యం చేరిస్తే పోయేదానికి వేల మందిని కోర్టుల చుట్టూ తిప్పుతున్నారు.

"నాసిరకం పనులకీ కట్టాలా?" అంటారు. అక్కర్లేదు. ఆ 45 రోజుల్లో కొలవండి, తవ్వి చూడండి, బాలేదంటే కారణం రాసిచ్చి తిప్పిపంపండి. ఒప్పుకోవడం, కాదనడం రెండూ చెయ్యకుండా ఫైలు మీద కూచోడం మాత్రం కుదరదనాలి. టైమవుట్ లేకుండా కాల్ రాస్తే కోడ్ రివ్యూలో మనం ఒప్పుకుంటామా?

బిల్లులు ఏ తేదీన వచ్చాయో, ఏ వరసలో పాసయ్యాయో జనం చూసేలా పెట్టాలి. కారణం లేకుండా ఆపితే ఆ వడ్డీ ఆపినవాడి జీతంలోంచి రావాలి. మన జీతం పది రోజులు లేటయితే ఆఫీసు మొత్తం మెయిళ్ళతో హోరెత్తిపోతుంది. రెండేళ్ళు ఆగినవాణ్ణి మాత్రం కోర్టుకి పొమ్మని సలహా ఇచ్చి టీ తాగేస్తాం. ఇదెక్కడి న్యాయమండీ?