ఎన్‌సీఏఏ ఫుట్‌బాల్ 14ని ఆపేసింది కోర్టు కాదు

పీఎస్3, ఎక్స్‌బాక్స్ 360ల్లో 2013 జూలైలో వచ్చిన ఎన్‌సీఏఏ ఫుట్‌బాల్ 14 పేరెత్తితే చాలు, "కోర్టు కేసులే ఈ గేమ్‌ని చంపేశాయి" అంటారు ఫ్యాన్స్. నేను ఒప్పుకోను.

అమెరికన్ కాలేజీ ఫుట్‌బాల్ మీద ఈఏ స్పోర్ట్స్ చేసిన గేమ్ ఇది. (మన ఫుట్‌బాల్ కాదు, హెల్మెట్లు పెట్టుకుని చేత్తో బంతి విసిరే ఆట.) గేమ్‌గా సూపర్. డైనస్టీ మోడ్‌లో ఓ చిన్న కాలేజీకి కోచ్‌గా చేరి, కుర్రాళ్లని రిక్రూట్ చేసుకుంటూ సీజన్ తర్వాత సీజన్ టీమ్‌ని పైకి తేవడం మొదలెడితే ఇక నిద్ర ఉండదు.

కానీ ప్లేయర్లకి పేర్లు లేవు. టెక్సాస్ ఏ అండ్ ఎం టీమ్‌లో "క్యూబీ నంబర్ 2" ఉంటాడు. అతను జానీ మాంజెల్ అని ఫ్యాన్స్ అందరికీ తెలుసు. నంబర్ అతనిదే, పొజిషన్ అతనిదే. అప్పట్లో పైసా మాత్రం రాలేదు. కాలేజీ ఆటగాళ్లు అమెచ్యూర్లు, సంపాదించకూడదని ఎన్‌సీఏఏ రూల్. కవర్ మీదున్న డెనార్డ్ రాబిన్సన్ అప్పటికే కాలేజీ ఆట ముగించినవాడు. పేరు చెరిపేసి మనిషిని వాడుకోవడం అన్నమాట. యూజర్ డేటాని "అనానిమైజ్ చేశాం" అని చెప్పే యాప్‌ల లాజిక్ కూడా ఇదే!

కేసులేసిన మాజీ ఆటగాళ్లు అడిగింది తమ వాటానే. ఆ వాటా ఇచ్చే దారి రూల్‌లో లేకే సిరీస్ ఆగింది. ఆ రూల్ 2021లో సడలింది, 2024 జూలైలో కాలేజ్ ఫుట్‌బాల్ 25 వచ్చింది. ఈసారి అసలు పేర్లతో, ఒప్పుకున్న ప్రతి ఆటగాడికి 600 డాలర్లు, ఒక గేమ్ కాపీ ఇచ్చి.

నన్నడిగితే ఆ 600 కూడా తక్కువే. రోస్టర్‌లో ఉన్నందుకు స్టార్ క్వార్టర్‌బ్యాక్‌కీ, బెంచ్ మీద కూర్చునేవాడికీ ఒకటే రేటు.