నిన్నటిలోకి నడిచే ఆచార్యుడు

కాలం గురించి కథ రాయడం సులువు. కాలాన్ని పరిశోధించే మనుషుల గురించి రాయడమే కష్టం. మొదటిదానికి ఒక యంత్రమో, ఒక వరమో చాలు. రెండవదానికి ఒక కార్యాలయం కావాలి. అందులో రాత్రికాపలాలు, జీతాలు, అసూయలు, చెడిపోయిన పరికరాలు, వాటిని బాగుచేయించడానికి సంతకం పెట్టని అధికారులు ఉండాలి. ఈ రెండవ పనిని, నేను చదివినంతలో, అందరికన్నా బాగా చేసినవారు అర్కాదీ, బరీస్ స్త్రుగాత్స్కీ సోదరులు. తమ్ముడు ఖగోళ శాస్త్రజ్ఞుడు, పూల్కవ నక్షత్రశాలలో పనిచేసినవాడు. అన్న జపనీ భాషావేత్త. 1965లో వెలువడిన వారి నవల పేరును తెలుగులో చెప్పుకుంటే ‘సోమవారం శనివారమే మొదలవుతుంది’.

లెనిన్‌గ్రాద్‌కు చెందిన ప్రివాలవ్ అనే ప్రోగ్రామరు కారులో వెళ్తూ దారిలో ఇద్దరిని ఎక్కించుకుంటాడు. వారి మాటల్లో పడి ఉత్తరాదిన ఒక చిన్న ఊళ్ళో ఉన్న మంత్రతంత్రాల పరిశోధన సంస్థలో ఉద్యోగిగా తేలతాడు. ఆ సంస్థ పేరు పొడి అక్షరాల్లో ‘నీచావో’. రష్యన్ చెవికి అది ‘ఏమీ లేదు’ అన్నట్టు వినబడుతుందట. తెలుగు చెవికి ఏమని వినబడుతుందో చెప్పనక్కరలేదు. అక్కడ కథ మొదలుపెట్టి మధ్యలో మరచిపోయే పిల్లి ఉంది, ఎన్నిసార్లు ఖర్చుపెట్టినా జేబులోకి తిరిగివచ్చే అయిదు కొపెక్కుల నాణెం ఉంది. పరమజ్ఞాన విభాగమూ ఉంది. అనంతమైన జ్ఞానం సంపాదించడానికి అనంతమైన కాలం పడుతుంది కనుక, పనిచేసినా చేయకపోయినా ఒకటేనని తేల్చుకుని ఆ విభాగంవారు నిశ్చింతగా కూర్చున్నారు. మన విశ్వవిద్యాలయాలతో పరిచయమున్న చదువరి ఇక్కడ కాసేపు పుస్తకం మూసి నవ్వుకుంటాడు.

ఇదంతా హాస్యం. అసలు సంగతి మూడవ భాగంలో ఉంది. ఆ సంస్థకు అధిపతి యానుస్. ఆయన ఒకడే, కాని ఇద్దరుగా ఉంటాడు. ఒకడు పాలనాధికారి, మరొకడు శాస్త్రవేత్త. అది ఎలా సాధ్యమో ఎవరికీ తెలియదు, అందరూ అలవాటుపడిపోయారు. శాస్త్రవేత్త యానుస్‌కు ఒక వింత అలవాటుంది. నిన్న మాట్లాడుకున్న విషయం ఎత్తితే ఆయన ఎరగడు. ఇంతలో ఒక చిలుక వచ్చిపడుతుంది. ఒకరోజు ఆయన ప్రయోగశాలలో చచ్చిపడి ఉంటుంది. మర్నాడు అదే చిలుక, కాలికి అదే కడియంతో, బతికి కనిపించి వాళ్ళ కళ్ళముందే ప్రాణం విడుస్తుంది. పైగా దానికి అక్కడున్నవాళ్ళందరూ తెలుసు!

ఇక కుర్రాళ్ళు నిద్రమానేస్తారు. ఒక్కొక్క సాక్ష్యాన్నీ పేర్చి, ఒక్కొక్క ఊహనూ తోసేసి, చివరికి తేల్చుతారు: శాస్త్రవేత్త యానుస్ కాలంలో వెనక్కి నడుస్తున్నాడు. అయితే తిప్పి వేసిన సినిమా రీలులాగా కాదు. పొద్దుటినుంచి రాత్రిదాకా మనలాగే ముందుకు నడిచి, అర్ధరాత్రి కాగానే రేపటికి బదులు నిన్నటిలోకి దిగుతాడు. చిలుక కూడా అంతే. ఆయన మరచిపోయిన ‘నిన్న’ ఆయనకు ఇంకా రాని రోజు. పాలనాధికారి యానుస్ ఎప్పుడో భవిష్యత్తులో ఈ విద్య సాధించి వెనక్కి తిరిగితే, ఆ తిరిగినవాడే ఈ రెండవవాడు. అదే ఊపులో 1908 నాటి తుంగూస్కా పేలుడునూ వాళ్ళు వదలరు. 1927లో కూలిక్ బృందం వెళ్ళి వెదికినా అక్కడ ఉల్కాశకలం దొరకలేదన్నది చరిత్ర. వెనక్కి నడిచేవారి నౌక అయితే, మనం మర్నాడు వెదికేచోట అది ఎందుకుంటుంది? అది ముందురోజుకు వెళ్ళిపోయింది కదా!

ఈ ఊహలో భౌతికశాస్త్రం ఎంత అని నన్నడగకండి. నాకు నచ్చింది ఆ పద్ధతి. సంస్థాధిపతి జీవరహస్యాన్ని ఆయన కింద పనిచేసే కుర్రాళ్ళు, ఒక చచ్చిన చిలుకను పట్టుకుని, తర్కంతో ఛేదించారు. వారిని ఎవరూ దండించలేదు.

ఆ దేశంలో ఇది చిన్నమాట కాదు. జన్యుశాస్త్ర సంస్థకు అధిపతిగా ఉన్న వవీలవ్‌ను 1940లో నిర్బంధించారు. 1943లో ఆయన సరాతవ్ జైలులో మరణించాడు. ఆ పీఠం ఎక్కిన లిసెంకో జన్యుశాస్త్రాన్నే బూటకమన్నాడు. ఆ పీఠం నుంచి అతనిని తొలగించింది కూడా 1965లోనే, అంటే ఈ నవల వచ్చిన ఏటనే. నవలలో విబెగాల్లో అనే ఆచార్యుడున్నాడు. పత్రికలవాళ్ళను పిలిచి, తినడమే పరమార్థమైన ‘ఆదర్శ మానవుణ్ణి’ సృష్టించి చూపుతాడు. ఆ ఆదర్శం తిని తిని పగిలిపోతుంది. ఆ పుట చదివి లిసెంకోను తలచుకోకుండా ఉండలేం. కనుక నా అభిప్రాయం ఇది: పిల్లులు మాట్లాడే ఈ కల్పిత సంస్థలో శాస్త్రధర్మం నిలిచింది, ఇటుకలతో కట్టిన నిజమైన సంస్థలో నిలవలేదు.

మన దగ్గర కాలపు వింతలకు కొదవలేదు. కూతురు రేవతికి వరుణ్ణి అడగడానికి కకుద్మి బ్రహ్మసభకు వెళ్ళి, గానం ముగిసేదాకా ఆగేసరికి భూమి మీద ఇరవై ఏడు మహాయుగాలు దొర్లిపోయాయి. ఎంత గొప్ప ఊహ! కాని కకుద్మి ‘ఇదెలా జరిగింది’ అని అడగడు, పిల్లను బలరాముడికిచ్చి పెళ్ళిచేస్తాడు. అది పురాణానికి లోటు కాదు, దాని పని వేరు. ఆ కథను చూపి ‘సాపేక్షత మాకు ముందే తెలుసు’ అనేవారితోనే నా తగవు. అడగని ప్రశ్నకు జవాబు తెలిసిందనడం ఎలా? ఇక 1991 నాటి ‘ఆదిత్య 369’లో యంత్రం ఉంది, కాని ప్రొఫెసరు దాన్ని తన ఇంట్లో ఒంటరిగా తయారుచేసుకున్నాడు. ఆ సినిమా నాకిష్టమే. అయినా మన కథల్లో శాస్త్రవేత్త ఎప్పుడూ ఒంటరివాడే ఎందుకో, ఆయనను ‘మీ లెక్క తప్పు’ అనగల కుర్రాడు పక్కన ఎందుకుండడో ఆలోచించవలసి ఉంది.

నీచావోలో ఒక నియమముంది. పనిమీద మనసు చచ్చి సొంత లాభం మీదికి మళ్ళినవాడి చెవుల్లో వెంట్రుకలు మొలుస్తాయి. అలాంటివాళ్ళు వాటిని గొరిగించుకుని తిరుగుతుంటారు. మిగిలినవాళ్ళు కొత్త సంవత్సరం రాత్రి విందులు వదిలేసి సంస్థకు తిరిగివస్తారు, ఇంట్లో కన్నా అక్కడే బాగుంటుందని. కాపలా ఉన్న ప్రివాలవ్ వాళ్ళను ఆపలేక విసిగిపోతాడు.

దీనికి కొనసాగింపుగా రాసిన ‘త్రయం కథ’లో వింతల భవితవ్యాన్ని తేల్చేది పరిశోధకులు కాదు, పెద్ద గుండ్రటి ముద్ర చేతిలో పెట్టుకున్న ఒక సంఘం. 1968లో ఇర్కూత్స్క్ నుంచి వచ్చే ‘అంగారా’ పత్రిక దానిని ప్రచురించింది. ఆ సంచికలను గ్రంథాలయాల నుంచి తీసివేశారు. సోవియట్ పాఠకుడు అది మళ్ళీ అచ్చులో చూడడానికి 1980ల చివరిదాకా ఆగవలసి వచ్చింది.