ఆ పాఠం ఇంటికాడ చదువుకోమన్నారు

ఎనిమిదో తరగతి జీవశాస్త్రంలో కౌమార దశ పాఠం వచ్చిన రోజు మా సారు పుస్తకం మూసి, "ఇది ఇంటికాడ చదువుకోండి" అన్నారు. తరగతంతా ముసిముసిగా నవ్వింది. హాస్టల్ పిల్లలం మాత్రం ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం. మాకు ఇంటికాడ ఎవరున్నారు? సంక్రాంతి పోయింది, అమ్మానాయినా గుంటూరు దిక్కు మిరపకాయల కోతకు పోయారు. ఆదోని, కోసిగి వైపు ఎన్నో ఊళ్లు ఇప్పటికీ అట్లే వలసపోతున్నాయి.

పదిహేను రోజులకే మా గదిలో ఒకమ్మాయి పెద్దమనిషి అయింది. ఏదో పెద్ద జబ్బు వచ్చిందనుకుని రాత్రంతా దుప్పటి కప్పుకుని ఏడ్చింది. ధైర్యం చెబుదామంటే మాకూ ఏమీ తెలియదు. వాళ్లవాళ్లు వచ్చి తీసుకుపోయారు. మళ్లీ రాలేదు. మేం పదో తరగతి పరీక్షలు రాసేనాటికి ఆమె చంకలో బిడ్డ ఉంది. పద్దెనిమిదేళ్లలోపు ఆడపిల్లకు పెళ్లి చేయడం నేరమని 2006లోనే చట్టం వచ్చింది. 1098కి ఫోన్ చేయొచ్చని ఆమెకు చెప్పిన వారు లేరు.

ఇవన్నీ చెబితే పిల్లలు చెడిపోతారని కొందరు పెద్దల భయం. 2005లో దేశమంతటా కౌమార విద్యా కార్యక్రమం మొదలైతే, 2007లో కర్ణాటక, మహారాష్ట్ర దాన్ని ఆపేశాయి. కానీ బడి నోరు మూసుకుంటే పిల్లలకు చెప్పేవాళ్లు లేకపోతారా? కర్నూలు నుంచి కడప దాకా బస్టాండు గోడల మీద నాటువైద్యుల ప్రకటనలు చూడండి. గొంతు మారడం, నిద్రలో వీర్యం పోవడం ఆ వయసుకు సహజమని తెలియని తమ్ముళ్లకు ఆ గోడలే గురువులు. ఉన్న నాలుగు రూపాయలూ, ధైర్యమూ అక్కడే పోగొట్టుకుంటున్నారు.

2021 అక్టోబరులో మన రాష్ట్రంలో 'స్వేచ్ఛ' పథకం మొదలై, ప్రభుత్వ బడుల్లో 7 నుంచి 12 తరగతుల అమ్మాయిలకు నెలకు 10 న్యాప్‌కిన్లు ఇవ్వడం మంచి పని. కానీ వస్తువు ఇచ్చినంత మాత్రాన పాఠం చెప్పినట్టు కాదు. వారానికొకసారి ఇచ్చే నీలం ఐరన్ మాత్రనే తీసుకోండి. అది మింగితే పిల్లలు పుట్టరని ఎవరో అంటే కిటికీలోంచి పారేసినవాళ్లున్నారు. రక్తహీనత రాకుండా ఇస్తారనీ, అన్నం తిన్నాక వేసుకోవాలనీ, విరోచనం నల్లగా అయినా భయం లేదనీ ఒక్క మాట చెబితే చాలు.

నేను కోరేది చిన్నదే. ప్రతి హాస్టల్లో నెలకొక ఆదివారం స్టడీ అవర్లో ఒక గంట ఈ పాఠానికి ఇవ్వండి. బాలికల హాస్టల్‌కు ఏఎన్ఎం అక్కను, బాలుర హాస్టల్‌కు డాక్టరుగారిని పిలవండి. పేరు రాయకుండా ప్రశ్నలు వేసేందుకు ఒక డబ్బా పెట్టండి. మన పూర్వ విద్యార్థుల్లో నర్సులున్నారు, టీచర్లున్నారు. వార్షికోత్సవానికి వచ్చి శాలువా కప్పించుకుని పోవడమేనా? ఆ గంట మనమే చెబుదాం.

చెల్లెళ్లూ, తమ్ముళ్లూ! అడగడానికి సిగ్గుపడకండి. మన ఇల్లు ఇదే. ఇంటికాడ చదువుకోమన్న పాఠం ఇక్కడే చదువుకుందాం.

— ఒక పూర్వ విద్యార్థిని