హౌటన్ సీటు, కేప్ వెస్టర్న్ సీటు

మా కళాశాల విద్యార్థుల చర్చాగోష్ఠిలో మొన్న ఒక కుర్రవాడు లేచి, "మాస్టారూ, ఒక్క సీటుతో ఏమవుతుందని మీరంటారు గాని, హెలెన్ సుజ్మన్ దక్షిణాఫ్రికా పార్లమెంటులో 13 ఏళ్లు ఒంటరిగా నిలబడలేదా?" అన్నాడు. వెనుక బెంచీనుంచి ఇంకొకడు, "ఆవిడ గనుల యజమానులు పెట్టుకున్న అలంకారం. ఆ పార్లమెంటే ఒక బొమ్మలకొలువు" అని జవాబిచ్చాడు. ఇద్దరికీ చప్పట్లు పడ్డాయి. ఇద్దరూ పొరబడ్డారని నేనన్నాను. నాకు చప్పట్లు పడలేదు. గంట మోగడంవల్ల ఆనాడు చెప్పలేకపోయింది ఇక్కడ చెబుతున్నాను.

ముందు రెండవ మిత్రుని సంగతి చూద్దాం. హౌటన్ జోహనెస్‌బర్గ్ నగరానికి ఉత్తరాన ఉన్న సంపన్నుల పేట. 1953లో సుజ్మన్ అక్కడనుంచి యునైటెడ్ పార్టీ తరఫున ఎన్నికైంది. 1959లో ఆ పార్టీ చీలి ప్రోగ్రెసివ్ పార్టీ పుట్టినప్పుడు అందులో చేరింది. 1961 ఎన్నికల్లో ఆ కొత్త పార్టీకి దేశం మొత్తంమీద దక్కింది ఈ ఒక్క సీటే. 1974 దాకా అంతే. విచారణ లేకుండా 90 రోజులు ఖైదు చేసే అధికారాన్ని పోలీసులకిచ్చిన 1963 చట్టానికి ప్రధాన ప్రతిపక్షం సైతం తలవంచితే, ఎదురు వోటు వేసింది ఆమె ఒక్కతే. 1967లో రాబెన్ దీవి జైలుకు వెళ్లినప్పుడు, చేతిమీద నాజీ స్వస్తిక పచ్చబొట్టు పొడిపించుకున్న కాపలాదారు ఒకడు పెడుతున్న బాధలను మండేలా ఆమెకు చెప్పాడు. కొద్దికాలానికే వాణ్ణి అక్కడనుంచి మార్చారు. సభలో ఆమె అడిగిన ప్రశ్నలవల్ల మంత్రులు దాచుకున్న సంగతులు రికార్డుకెక్కేవి. రికార్డుకెక్కినవాటిని పత్రికలు అచ్చువేయగలిగేవి. రాళ్లు కొడుతున్న ఖైదీకి ఇది అలంకారం కాదు. దీన్ని బొమ్మలకొలువని కొట్టిపారేయడానికి, కాలేజీ బెంచీమీద కూర్చున్న మనకు హక్కు లేదు.

అయితే మొదటి మిత్రుడు అడగవలసిన ప్రశ్న ఒకటి అడగలేదు. ఆమెను పంపిందెవరు? హౌటన్ వోటర్లందరూ తెల్లవారే. ఆ బంగళాల పెరటిగదుల్లో వంటమనుషులు, దాదులు, తోటమాలులు ఉండేవారు. జేబులో పాసుపుస్తకం లేకపోతే వీధిలోనే అరెస్టు. వారికి వోటు లేదు. వారికి వోటిమ్మని ప్రోగ్రెసివ్ పార్టీ అడిగిందా? అడిగింది గాని, చదువో ఆస్తో ఉన్నవారికే ఇమ్మంది. ఆ షరతును 1978లోగాని వదులుకోలేదు. పార్టీకి పెద్ద ఆర్థికబలం బంగారానికీ వజ్రాలకూ అధిపతి అయిన హ్యారీ ఒపెన్‌హైమర్. సుజ్మన్ ధైర్యం నిజమైనదే. కాని ఆ ధైర్యానికి ఎక్కడిదాకా పోవాలో గీతగీసింది ఆమెను పంపిన వర్గం.

ఇంత నిర్దాక్షిణ్యమైన ప్రభుత్వం ఆ సీటును ఎందుకు ఉండనిచ్చింది? దీనికి జవాబు హౌటన్‌లో దొరకదు, కేప్‌టౌన్ వైపు చూడాలి.

1936లో ఒక చట్టం కేప్ రాష్ట్రపు ఆఫ్రికన్ వోటర్లను సామాన్య జాబితానుంచి తీసివేసి, వేరు జాబితాలో పెట్టి, దిగువసభకు ముగ్గురు తెల్లవారిని ఎన్నుకునే హక్కు మాత్రం మిగిల్చింది. హక్కు పేరిట ఇంతకంటె అవమానం ఉండదు. అయినా కేప్‌టౌన్ కలిసి ఉన్న కేప్ వెస్టర్న్ వోటర్లు దాన్నే ఆయుధం చేసుకున్నారు. కమ్యూనిస్టు శామ్ కాన్‌ను గెలిపించారు. 1950లో కమ్యూనిజం అణచివేత చట్టం వచ్చింది. 1952లో కాన్‌ను సభనుంచి బహిష్కరించారు. వోటర్లు ఇంకొక కమ్యూనిస్టును, పత్రికాసంపాదకుడు బ్రయన్ బంటింగ్‌ను పంపారు. 1953లో అతన్నీ వెళ్లగొట్టారు. 1954లో వారు కార్మికసంఘాల నిర్మాత రే అలెగ్జాండర్‌ను ఎన్నుకున్నారు. ఈసారి చట్టాన్ని సవరించి ఆమెను సభలో అడుగే పెట్టనివ్వలేదు. చివరకు ఆఫ్రికన్ల ప్రతినిధుల సీట్లనే రద్దుచేస్తూ శాసనం చేశారు. అది ఏ సంవత్సరం? 1959. హౌటన్ సభ్యురాలు ప్రోగ్రెసివ్ పార్టీలో చేరిన సంవత్సరమే.

ఈ రెండు సీట్లనూ పక్కపక్కన పెట్టి చూడండి. ఒకదానిలో పాలకవర్గపు మనుషులే తమ అంతరాత్మను సభకు పంపుకున్నారు. పాలకులు విసుక్కున్నారు, ఎగతాళిచేశారు, ఉండనిచ్చారు. రెండవదానిలో పీడితులే, తెల్ల అభ్యర్థిని తప్ప పంపలేని స్థితిలో సైతం, తమ మాటను పంపారు. దాన్ని మూడుమార్లు తరిమి, తలుపే మూసేశారు. పార్లమెంటు ఉత్త బొమ్మలకొలువైతే ఇంత భయమెందుకు?

సీటును కాదనడం కూడా ఒక్కొక్కప్పుడు రాజకీయమే. నేటాల్ చెరకుతోటలకు మద్రాసు రేవునుంచి ఒప్పందకూలీలుగా పోయినవారిలో మన తెలుగువారున్నారు. 1984లో ప్రభుత్వం భారతీయులకు వేరే సభ ఒకటి ప్రసాదించింది. ఆఫ్రికన్లను బయట నిలబెట్టి తమకు వేసిన ఆ పీటమీద కూర్చోవడానికి వారిలో అత్యధికులు ఒప్పుకోలేదు. వోటు వేయడానికే పోలేదు. కేప్ వెస్టర్న్ వోటరు వోటు వేసి చెప్పిందీ, డర్బన్ భారతీయుడు వేయక చెప్పిందీ ఒకటే మాట.

1994లో అందరికీ వోటు వచ్చింది. అది సుజ్మన్ ఉపన్యాసాలవల్ల మాత్రమే రాలేదు. సమ్మెలూ, జైళ్లూ, షార్ప్‌విల్‌లో 1960లో నేలకూలిన 69 మందీ తెచ్చారు. మండేలా ఆ హౌటన్‌లోనే నివసించి 2013లో అక్కడే కన్నుమూశాడు. పేట రంగు కొంత మారింది. పెరటిగది ఇంకా ఉంది. అందులోని మనిషికి వోటుంది, గనిలో వాటా లేదు. 2024 ఎన్నికల్లో ఆఫ్రికన్ నేషనల్ కాంగ్రెస్ మొదటిసారి మెజారిటీ కోల్పోయిందంటే, ఈ లెక్క తేలకపోవడం అందుకు ఒక కారణం.

కాబట్టి మిత్రులారా, సభలో ఎవరు ఎంత గొప్పగా మాట్లాడారని మాత్రమే అడగకండి. ఆ మనిషిని ఎవరు పంపారు, ఎవరు వెనక్కి పిలవగలరు, ఆ సీటును చూచి ఎవరికి నిద్ర పట్టలేదు అని అడగండి. సుజ్మన్‌ను గౌరవిద్దాం. కాని మన పాఠం రే అలెగ్జాండర్‌ను ఆపిన ఆ గుమ్మం దగ్గర మొదలవుతుంది.