పిల్లలు ఎక్కడ ఆగారో చెప్పే సాంకేతికత కావాలి

2022 జూన్ 30న తెలంగాణ పదో తరగతి ఫలితాలు వచ్చాయి. కరోనా వల్ల రెండేళ్లు ఆగిన పరీక్షలు మళ్లీ జరిగిన ఏడాది అది. 97.85 శాతం ఉత్తీర్ణతతో సిద్దిపేట జిల్లా రాష్ట్రంలోనే మొదటి స్థానంలో నిలిచింది. ఆ అంకె వెనక ఎందరో టీచర్లు, తల్లిదండ్రులు పడ్డ కష్టం ఉంది. దాన్ని ఎవరూ తక్కువ చేయలేరు. అయితే పదో తరగతి గట్టెక్కించడానికి పెడుతున్న శ్రద్ధలో సగమైనా మూడో తరగతి పిల్లల మీద పెడుతున్నామా? బడుల్లోకి తెరలు, కంప్యూటర్లు, ఇప్పుడు కృత్రిమ మేధ కూడా వస్తున్న వేళ జిల్లా అంతా కూర్చుని ఆలోచించాల్సిన ప్రశ్న ఇది.

నేను చెప్పదలచుకున్నది ఒక్కటే. బడిలో సాంకేతికత చేయాల్సిన మొదటి పని పాఠం చూపించడం కాదు. ఏ పిల్లవాడు ఎక్కడ ఆగిపోయాడో టీచరుకు తెలియజేయడం.

2022 మార్చి 8న వనపర్తిలో మొదలైన ‘మన ఊరు - మన బడి’ కార్యక్రమం గుర్తుండే ఉంటుంది. 26,065 బడులను మూడు దశల్లో బాగుచేయడానికి 7,289 కోట్ల రూపాయలు అవసరమని లెక్కగట్టారు. మంచినీళ్లు, మరుగుదొడ్లు, ఫర్నిచర్, ప్రహరీ లాంటి 12 రకాల పనుల్లో డిజిటల్ సదుపాయాలకూ చోటు దక్కింది. ఆ తర్వాతి విద్యా సంవత్సరంలో సర్కారు బడుల్లో ఇంగ్లీషు మీడియం వచ్చింది, ఒక పేజీ తెలుగు, ఒక పేజీ ఇంగ్లీషుగా పుస్తకాలు వచ్చాయి. ఉన్నత పాఠశాలల తరగతి గదుల్లోకి పెద్ద డిజిటల్ తెరలు చేరాయి. పేద పిల్లల బడికి ఇంత సరంజామా రావడం సంతోషించాల్సిన విషయమే. కానీ ఆరో తరగతిలో కూర్చున్న పిల్లకు రెండో తరగతి తెలుగు వాచకం చదవడం రాకపోతే, ఆమె ముందు ఆరో తరగతి పాఠాన్ని ఎంత అందమైన వీడియోగా చూపించినా ఏం లాభం? రంగులు కనిపిస్తాయి, మాటలు వినిపిస్తాయి, పాఠం మాత్రం ఆమెకు అందకుండానే వెళ్లిపోతుంది.

ఈ విషయంలో ప్రపంచంలో రెండు అనుభవాలున్నాయి. దక్షిణ అమెరికాలోని పెరూ దేశం ‘పిల్లకో ల్యాప్‌టాప్’ పథకం కింద ఎనిమిది లక్షలకు పైగా ల్యాప్‌టాప్‌లు పంచింది. 319 పల్లె బడుల్లో జరిపిన అధ్యయనం 2012లో బయటికొచ్చింది. పిల్లలకు కంప్యూటర్ వాడటం వచ్చింది కానీ లెక్కల్లోగానీ, భాషలోగానీ చెప్పుకోదగ్గ మెరుగుదల లేదని తేలింది. రెండో అనుభవం మన ఢిల్లీది. ‘మైండ్‌స్పార్క్’ అనే సాఫ్ట్‌వేర్‌ను బడి అయిపోయాక కేంద్రాల్లో పేద పిల్లల చేత వాడించారు. కార్తీక్ మురళీధరన్, మరో ఇద్దరు ఆర్థికవేత్తలు దాని ఫలితాలను కొలిచారు. నాలుగున్నర నెలల్లోనే లెక్కల్లో, హిందీలో పిల్లలు గట్టిగా ముందుకెళ్లారు.

తేడా ఎక్కడుంది? పెరూలో వస్తువు ఇచ్చారు. ఢిల్లీలో ఆ వస్తువు ముందుగా పిల్లవాడిని పరీక్షించింది. ఆరో తరగతి పిల్లలు లెక్కల్లో సగటున రెండున్నర తరగతులు వెనకబడి ఉన్నారని అక్కడే బయటపడింది. ఆరో తరగతిలో ఉన్నా మూడో తరగతి లెక్క దగ్గర ఆగిన పిల్లకు మూడో తరగతి లెక్కే ఇచ్చి, అక్కడి నుంచి మెట్టుమెట్టుగా పైకి తీసుకొచ్చారు. పైగా రోజూ తొంభై నిమిషాల్లో సగం సమయమే కంప్యూటర్ ముందు గడిచేది. మిగతా సగం పిల్లలను చిన్న గుంపుగా కూర్చోబెట్టి ఒక మనిషి నేర్పేవారు. నలభై మంది ఉన్న తరగతిలో నలభై రకాల వెనుకబాటును ఒక్క టీచరు కనిపెట్టి, ఒక్కొక్కరికి వేరే అభ్యాసం తయారుచేయడం మానవమాత్రులకు సాధ్యం కాదు. యంత్రం సాయపడాల్సింది సరిగ్గా ఇక్కడే.

ఇవన్నీ మనకు కొత్త సంగతులు కావు. తెలుగు నేల యాభై ఏళ్లుగా ఈ ప్రయోగాలు చూస్తోంది. 1975 ఆగస్టు 1 నుంచి ఏడాదిపాటు అమెరికా ఉపగ్రహం సాయంతో ఆరు రాష్ట్రాల్లోని 2,400 ఊళ్లకు టీవీ పాఠాలు ప్రసారం చేశారు. ఆ ఆరింటిలో ఆంధ్రప్రదేశ్ ఒకటి. పొద్దున బడి పిల్లలకు, సాయంత్రం పెద్దలకు కార్యక్రమాలు వచ్చేవి. ఆ టీవీ సెట్లు తయారుచేసింది మన హైదరాబాద్ ఈసీఐఎల్. ఏడాది కాగానే ఉపగ్రహం గడువు తీరింది, ప్రసారాలు ఆగిపోయాయి. దేశం ఎంతో నేర్చుకుంది, కానీ ఊరికి ఆ పాఠం నిలవలేదు. 1982లో హైదరాబాద్‌లో దేశంలోనే తొలి సార్వత్రిక విశ్వవిద్యాలయం మొదలైంది. ఇప్పటి డాక్టర్ బీఆర్ అంబేద్కర్ సార్వత్రిక విశ్వవిద్యాలయం అదే. కాలేజీ గడప తొక్కలేని ఉద్యోగులకు, గృహిణులకు తెలుగులో రాసిన పాఠ్యపుస్తకం, రేడియో పాఠం, దగ్గర్లో ఒక అధ్యయన కేంద్రం కలిపి ఇచ్చింది. అది నిలబడింది, ఇంకా నడుస్తోంది. రేడియో ఒక్కదాన్నే నమ్ముకోలేదు కాబట్టే నిలబడింది.

అన్నిటికన్నా మనకు దగ్గరి ఉదాహరణ 2000 సంవత్సరంలో బీరంగూడలో జరిగింది. అప్పుడు సిద్దిపేట, బీరంగూడ రెండూ మెదక్ జిల్లాలోనివే. టాటా కన్సల్టెన్సీ సర్వీసెస్‌ను నిలబెట్టిన ఎఫ్‌సీ కోహ్లీ, అక్షరం రాని పెద్దలకు కంప్యూటర్‌తో చదువు నేర్పాలని తలపెట్టినప్పుడు తొలి ప్రయోగం ఆ ఊళ్లో తెలుగులోనే చేశారు. పక్కన పడేసిన పాత కంప్యూటర్లే వాడారు. జాతీయ అక్షరాస్యతా మిషన్ వాచకాలనే తీసుకుని, అక్షరాలతో మొదలుపెట్టకుండా బొమ్మతో, గొంతుతో కలిపి పూర్తి మాటలను గుర్తుపట్టేలా చేశారు. నేర్పేవారు శిక్షణ పొందిన పంతులే కానక్కర్లేదు, కాస్త చదువుకున్న ఊరి మనిషి చాలు. సుమారు నలభై గంటల్లో పత్రిక చదవగలిగే స్థాయికి తేవడం లక్ష్యం. తర్వాత అది తమిళం, హిందీ, మరాఠీ, బెంగాలీ లాంటి భాషలకు పాకింది. దేశానికి దారి చూపిన ప్రయోగం మన పాత జిల్లాలో, మన భాషలో పుట్టిందన్న సంగతి మన బడి పిల్లలకు ఎందుకు చెప్పం?

బొమ్మతో చదువు చెప్పడం ఈ జిల్లాకు ఇంకా పాత విద్య. చేర్యాల నకాషీ పటాలు ప్రపంచమంతా ఎరిగినవే. పద్మశాలీలకు కూనపులివాళ్లు మార్కండేయ పురాణం చెప్పేటప్పుడు పటం విప్పుతూ పోతారు. పటంలో కథంతా ఉంటుంది, కానీ పటం తనకు తాను కథ చెప్పదు. వినేవాళ్లను చూసి ఎక్కడ ఆగాలో, ఎక్కడ మళ్లీ చెప్పాలో, ఎవరిని ప్రశ్న అడగాలో కథకుడికి తెలుసు. తరగతి గదిలో తెరకు, టీచరుకు ఉండాల్సిన సంబంధం అదే.

కరోనా కాలంలో ఈ నిజం అందరికీ అనుభవమైంది. 2020 సెప్టెంబర్ 1 నుంచి దూరదర్శన్ యాదగిరి, టీశాట్ చానళ్లలో మన పిల్లలకు పాఠాలు మొదలయ్యాయి. ఆ కష్టకాలంలో అది చాలా అవసరమైన పని. కానీ టీవీ ముందున్న పిల్లకు సందేహం వస్తే తీర్చేవారు లేరు. టీచర్లు ఇళ్లకు వెళ్లి పని పత్రాలు చూసి, తప్పులు దిద్దిన చోట్లే పాఠం కొంతైనా నిలిచింది.

మరో హెచ్చరిక మన జిల్లాలోనే ఉంది. 2016 చివర్లో పెద్దనోట్ల రద్దు తర్వాత ఇబ్రహీంపూర్ నగదురహిత గ్రామంగా దేశమంతటా పేరు తెచ్చుకుంది. ఇంటింటికీ ఖాతాలు, కార్డులు, దుకాణాల్లో స్వైపింగ్ యంత్రాలు వచ్చాయి. అక్షరం అంతగా రాని పెద్దవాళ్లూ వాడటం నేర్చుకున్నారు. నేర్పేవాళ్లుంటే మన ఊళ్లు ఏ యంత్రానికీ భయపడవని నిరూపించారు. కానీ యంత్రానికి నెలనెలా కట్టే అద్దె భారమై దుకాణదారులు వాటిని వెనక్కిచ్చేశారని తర్వాత వార్తలొచ్చాయి. బడిలో పెట్టే తెరకూ ఇదే వర్తిస్తుంది. కొనడానికి ఒకసారి డబ్బు చాలు. కరెంటు బిల్లు, నెట్ ఖర్చు, రిపేరు, కొత్తగా బదిలీ మీద వచ్చిన టీచరుకు శిక్షణ మాత్రం ఏటేటా కావాలి. వీటికి బడ్జెట్లో వరుస లేకపోతే తెర మీద దుమ్ము పేరుకుంటుంది.

ఇప్పుడు కృత్రిమ మేధ వంతు. 2025లో ఎక్‌స్టెప్ ఫౌండేషన్ సాయంతో రాష్ట్రంలోని కొన్ని జిల్లాల ప్రాథమిక బడుల్లో తెలుగు, ఇంగ్లీషు, లెక్కల్లో వెనకబడిన పిల్లలకు కృత్రిమ మేధతో అభ్యాసం మొదలుపెట్టారు. పిల్లవాడు చదువుతుంటే విని, తడబడిన చోటు పట్టుకోవడం ఇందులోని కీలకం. దిశ సరైనదే. ఇక ఇళ్లలో ఫోన్ల సంగతి. పల్లె పిల్లల చదువుపై దేశవ్యాప్త సర్వే అయిన 2024 అసర్ నివేదిక ప్రకారం 14 నుంచి 16 ఏళ్ల పిల్లల్లో 82 శాతానికి స్మార్ట్‌ఫోన్ వాడటం వచ్చు. సర్వేకు ముందు వారంలో చదువు కోసం వాడినవారు 57 శాతమైతే, సోషల్ మీడియాకు వాడినవారు 76 శాతం. ఫోన్ చేతిలో ఉంది, వాడటమూ వచ్చు. చదువు వైపు తిప్పే చెయ్యే కావాలి.

అందుకే జిల్లా విద్యాశాఖకు, ప్రజాప్రతినిధులకు, టీచర్లకు, యువతకు నాలుగు విన్నపాలు. మూడో తరగతి నుంచి ఎనిమిదో తరగతి దాకా ప్రతి పిల్ల తెలుగు చదివే స్థాయిని, లెక్కల స్థాయిని ఏడాదికి రెండుసార్లు నమోదు చేయండి, ఆ అంకెను పదో తరగతి ఫలితమంత గర్వంగా ప్రకటించండి. డిజిటల్ సామగ్రి కొనే ప్రతిసారీ నడిపే ఖర్చును, శిక్షణను అదే ఫైలులో చేర్చండి. బాగా చెప్పే మన జిల్లా టీచర్ల చేతనే, మన పిల్లల మాటల్లో, కింది తరగతుల అభ్యాసాలు తయారుచేయించండి. 2023 జూన్‌లో సిద్దిపేటలో ప్రారంభమైన ఐటీ టవర్‌లో పనిచేస్తున్న యువత ఈ పనికి వారానికి కొన్ని గంటలిస్తే అంతకన్నా మంచి సేవ ఉండదు.

తల్లిదండ్రులకూ ఒక మాట. బడికి వెళ్లినప్పుడు మీ బడిలో ఎన్ని కంప్యూటర్లున్నాయని అడగకండి. మా బిడ్డ ఏ తరగతి వాచకం తడబడకుండా చదువుతుందని అడగండి. ఆ ప్రశ్నకు జవాబివ్వగలిగిన బడే ఆధునికమైన బడి.