మూడక్షరాల పిసినారితనం

"క్లీన్ కోడ్" పేరుతో మనవాళ్ళు చేసే పనుల్లో నాకు అస్సలు మింగుడుపడనిది ఒకటుంది. సీఎన్‌సీ ప్రోగ్రామ్‌లు తయారుచేసే సాఫ్ట్‌వేర్‌లో జి17 మళ్ళీ మళ్ళీ కనిపిస్తే "రిడండెంట్" అని పీకెయ్యడం! మిల్లింగ్ మెషిన్‌కి అది డీఫాల్టే కదా, మొదట్లో ఒక్కసారి రాస్తే చాలదా అంటారు. చాలదండీ.

జి17 అంటే ఎక్స్‌వై ప్లేన్, జి18 జెడ్‌ఎక్స్, జి19 వైజెడ్. జి02, జి03 ఆర్క్‌లు ఏ ప్లేన్‌లో తిరగాలో, జి41, జి42 టూల్ వ్యాసార్థాన్ని ఏ ప్లేన్‌లో సర్దాలో తేల్చేది ఇదే. ఒకసారి ఇచ్చామా, ఇంకోటి ఇచ్చేదాకా అదే నడుస్తుంది. మన భాషలో గ్లోబల్ వేరియబుల్ అన్నమాట. జావాలో గ్లోబల్ స్టేట్ కనిపిస్తే ఇంతెత్తున ఎగిరే మనం, ఇక్కడ మాత్రం దాన్ని కళ్ళు మూసుకుని నమ్మేస్తాం.

ఒక టూల్ ముందు జి17లో చెక్కి, తర్వాత జి18లో వంపు తిప్పుతూ విరిగిందనుకోండి. ఆపరేటర్ కొత్తది బిగించి ఆ టూల్ మొదలైన చోటి నుంచి నడుపుతాడు. ప్రోగ్రామ్ నెత్తిమీద మీరు రాసిన జి17 ఎవడు చదివాడు? జి18 అలాగే మిగిలుండొచ్చు. ఆర్క్‌ని ఐ, జె లతో రాస్తే లినక్స్‌సీఎన్‌సీ ఎర్రర్ ఇచ్చి ఆగుతుంది, బతికిపోయాం. అదే ఆర్ తో రాస్తే? కిక్కురుమనకుండా జెడ్‌ఎక్స్‌లో ఆర్క్ తిప్పుతూ వై వైపు జరుగుతుంది. అడ్డంగా తిరగాల్సిన టూల్ జాబ్‌లోకి దిగబడొచ్చు.

"ఎం30 దగ్గర జి17కి తిరిగొస్తుందిగా" అంటారా? లినక్స్‌సీఎన్‌సీలో వస్తుంది, నిజమే. కానీ విరిగిన టూల్ ఎం30 దాకా వెళ్ళలేదు కదా! పైగా ఫానక్‌లో పవర్ ఆన్ చేసినప్పుడు ఏ ప్లేన్ ఉండాలో పారామీటర్ నిర్ణయిస్తుంది. మీ కోడ్ నడిచే ప్రతి మెషిన్‌లో ఆ పారామీటర్ ఎలా ఉందో మీకు తెలుసా? తెలియనప్పుడు డీఫాల్ట్ అనే మాటకి అర్థమేముంది?

మన దగ్గర ఎక్సెప్షన్ వస్తే లాగ్ చూసి సర్వర్ రీస్టార్ట్ చేస్తాం. బాలానగర్‌లోనో జీడిమెట్లలోనో చిన్న షాపులో టూల్ గుద్దుకుంటే జాబ్ పోతుంది, స్పిండిల్ దెబ్బతింటుంది, ఎదురుగా ఒక మనిషి నిలబడి ఉంటాడు. తిట్లు కూడా అతనికే, మనకి కాదు.

ప్రతి టూల్ మార్పు తర్వాత జి17 రాయండి. జి18 వాడిన చోట పని కాగానే మళ్ళీ జి17 రాయండి. మూడంటే మూడక్షరాలు. ఆ మాత్రం దానికి పిసినారితనమెందుకు?