ఇంటప్పు: వాయిదా ఎంతో తెలుసు... మొత్తం ఎంత?

రిజర్వు బ్యాంకు 2025లో రెపో రేటుని నాలుగుసార్లు తగ్గించింది. ఫిబ్రవరికి ముందు 6.50 శాతం ఉన్నది డిసెంబరుకల్లా 5.25కి దిగింది. తగ్గించిన ప్రతిసారీ పేపర్లలో ఒకటే వార్త: గృహరుణాలు చౌక, ఇల్లు కొనడానికి ఇదే అదను. వార్త అబద్ధం కాదు. కానీ అందులో ఉన్నది సగం లెక్కే. మిగతా సగం బ్యాంకు ఇచ్చిన కాయితాల్లో, మనం సంతకం పెట్టి బీరువాలో పడేసిన కాయితాల్లో ఉంటుంది.

నేను పాతికేళ్ళు జూనియర్ కాలేజీలో కామర్స్ చెప్పాను. అందుకని చుట్టాల్లోగానీ మా అపార్టుమెంటులోగానీ ఎవరు లోను తీసుకున్నా ఆ కాయితాలు మా ఇంటికొస్తాయి. తెచ్చేది ఎక్కువగా ఆడవాళ్ళే. "నెలకెంత కట్టాలి?" అంటే టక్కున చెబుతారు. "మొత్తం ఎంత కడతారమ్మా?" అంటే ఎవరూ చెప్పరు. చదువుకోలేదని కాదు. బ్యాంకువాళ్ళూ, బిల్డరూ, ఇంట్లో మగవాళ్ళూ అందరూ వాయిదా గురించే మాట్లాడతారు. నెలకి ఎంతలో గడుస్తుందన్నదే ప్రశ్నగా మిగిలిపోతుంది.

ఒక లెక్క వేద్దాం. 40 లక్షల ఫ్లాటు. 30 లక్షలు అప్పు, ఎనిమిదిన్నర శాతం వడ్డీ, 20 ఏళ్ళు. నెలసరి వాయిదా 26,035 రూపాయలు వస్తుంది. దాన్ని 240 నెలలతో గుణించండి. సుమారు 62 లక్షల 48 వేలు. అంటే తెచ్చుకున్నది 30 లక్షలు, దానిమీద కట్టే వడ్డీ 32 లక్షల 48 వేలు.

ఇంకో సంగతి. మొదటి నెల కట్టిన 26,035లో వడ్డీకి పోయేది 21,250. అసలులో తగ్గేది 4,785 మాత్రమే. మొదటి ఏడాది మొత్తమ్మీద 3 లక్షల 12 వేలు కడితే అసలు తగ్గేది 60 వేలకి కాస్త లోపే. అయిదేళ్ళు పొల్లుపోకుండా కట్టాక చూస్తే బాకీ ఇంకా 26 లక్షల 44 వేలు ఉంటుంది. సగం అప్పు తీరేసరికి దగ్గర దగ్గర పధ్నాలుగేళ్ళవుతుంది. ఇది బ్యాంకు మోసమేమీ కాదు. మిగిలిన బాకీ మీద వడ్డీ వేస్తే అలాగే వస్తుంది. మొదట్లో బాకీ ఎక్కువ, అందుకని వడ్డీ ఎక్కువ. కాకపోతే అయిదో ఏట ఇల్లు అమ్మి వేరే ఊరు వెళ్ళాల్సి వచ్చినవాళ్ళు "ఇన్నాళ్ళు కట్టిందంతా ఏమైంది?" అని బిత్తరపోతారు. అందుకే ముందే తెలిసి ఉండడం మంచిది.

వాయిదా బరువనిపిస్తే "ముప్ఫయ్యేళ్ళకి పెట్టించుకోండి, తేలిగ్గా ఉంటుంది" అంటారు. అదే అప్పుకి ముప్ఫయ్యేళ్ళయితే వాయిదా 23,067. నెలకి మిగిలేది మూడువేల లోపు. దానికోసం అదనంగా కట్టేది 20 లక్షల 55 వేలు! పదిహేనేళ్ళకి తీసుకుంటే వాయిదా 29,542 అవుతుంది, మొత్తం వడ్డీ 23 లక్షల 18 వేల దగ్గర ఆగుతుంది. ఇరవయ్యో ఏట కట్టే రూపాయికి ఇవాళ్టి విలువ ఉండదు, జీతాలూ పెరుగుతాయి అంటారు కొందరు. నిజమే. అద్దె కట్టినా పోయేదే కదా అంటారు ఇంకొందరు. అదీ నిజమే. కానీ అదే ఫ్లాటుకి అద్దె ఓ 13 వేలు ఉందనుకుందాం. మొదటి నెల వడ్డీయే 21 వేలు కదా, మరి అద్దెని వడ్డీతో పోల్చాలా, వాయిదాతోనా? ఇల్లు కొనొద్దని నేననను. సొంతిల్లు ఇచ్చే ధైర్యానికి ధర కట్టలేం. కానీ ఇంటికి కట్టే ధర ఎంతో తెలియాలి కదా.

ఇక వడ్డీ పెరిగినప్పుడు ఏం జరిగిందో చూద్దాం. ఇది మొన్న మొన్నటి కథే. కరోనా రోజుల్లో రెపో రేటు 4 శాతానికి తగ్గింది. 2021లో ఇంటి అప్పులు 6.75 శాతం, అంతకన్నా తక్కువకి కూడా దొరికాయి. 2022 మే నెలలో పెంచడం మొదలుపెట్టి, 2023 ఫిబ్రవరికల్లా రెపోని 6.50కి చేర్చారు. పది నెలల్లో రెండున్నర శాతం. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ అప్పుల వడ్డీని రెపోలాంటి బయటి రేటుకి ముడిపెట్టాలన్న నిబంధన ఉంది. అంచేత 6.75కి తీసుకున్నవాళ్ళ వడ్డీ నేరుగా 9.25కి వెళ్ళింది.

మా కింది ఫ్లాటులో అమ్మాయి 2023లో ఓ రోజు వచ్చింది. "వడ్డీలు పెరిగాయంటున్నారు గానీ మాకేం పెరగలేదాంటీ. అదే 22,811 కడుతున్నాం" అంది. "చివరి వాయిదా ఎప్పుడో చూశావా?" అన్నాను. చూడలేదు. మర్నాడు స్టేట్‌మెంటు తెచ్చింది. 2021 మొదట్లో ఇరవయ్యేళ్ళకి తీసుకున్న 30 లక్షల అప్పు, ఇంకా ముప్ఫై మూడేళ్ళు మిగిలి ఉంది! వాళ్ళాయనకి అప్పటికి డెబ్బై దాటుతాయి. బ్యాంకు వాయిదా పెంచలేదు, గడువు పెంచేసింది. ఎప్పుడో ఒక మెసేజ్ వచ్చిందట, ఎవరూ చదవలేదు.

ఆ గడువు అంత దూరం ఎందుకు పోయింది? 30 లక్షల మీద 9.25 శాతం అంటే నెలకి వడ్డీయే 23,125. వాళ్ళు కట్టే వాయిదా 22,811. వాయిదా వడ్డీకి కూడా చాలదన్నమాట. అలా వదిలేస్తే అప్పు తీరకపోగా పెరుగుతుంది. వీళ్ళ బాకీ అప్పటికి ఓ లక్షా ఎనభై వేలు తగ్గి ఉంది కాబట్టి ముప్ఫై మూడేళ్ళతో సరిపోయింది. వీళ్ళకన్నా ఏడాది ఆలస్యంగా తీసుకున్నవాళ్ళ సంగతి ఇంకా కష్టం.

ఈ గోల దేశమంతటా ఉండబట్టే 2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు ఒక ఉత్తర్వు ఇచ్చింది. రేటు మారినప్పుడు వాయిదా పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంచెం కొంచెమా అన్నది అప్పు తీసుకున్నవాళ్ళని అడగాలి. గడువు పెంచినా వాయిదా ఆ నెల వడ్డీకన్నా తక్కువ కాకూడదు. మూడు నెలలకోసారి ఇచ్చే స్టేట్‌మెంటులో ఇప్పటిదాకా అసలుకెంత, వడ్డీకెంత జమ అయింది, ఇంకా ఎన్ని వాయిదాలున్నాయి, వడ్డీ ఎంత అన్నది అర్థమయ్యేట్టు రాయాలి. ఆ కాయితంలో నేను మొదట చూసేది మిగిలిన వాయిదాల సంఖ్య. గ్యాసు బుక్ చేసిన తేదీ రాసుకునే కేలెండరులోనే మూడు నెలలకోసారి ఆ సంఖ్య కూడా రాసుకోండి. పెరిగితే వెంటనే తెలుస్తుంది.

2025లో రేట్లు తగ్గాయి కదా, మరి మీ అప్పుకి తగ్గిందా? పాత పద్ధతుల్లో, అంటే 2019కి ముందు బ్యాంకు సొంత రేటుకి ముడిపడ్డ అప్పులూ, హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీల అప్పులూ చాలావాటికి తగ్గింపు నెమ్మదిగా వస్తుంది, పూర్తిగా రాదు కూడా. కొంత ఫీజు కట్టి కొత్త రేటుకి మారొచ్చు. 25 లక్షల బాకీ, 15 ఏళ్ళ గడువు మిగిలి, 9.5 నుంచి 8.5కి మారితే నెలకి 1,487 రూపాయలు తగ్గుతుంది. మొత్తమ్మీద 2 లక్షల 67 వేలు. అడగనిదే అమ్మయినా పెట్టదన్నట్టు, బ్యాంకు తనంతట తాను ఫోన్ చేసి చెప్పదు.

వాయిదాలో కనిపించని ఖర్చులు వేరే ఉన్నాయి. ఏపీలో అయినా తెలంగాణలో అయినా స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషన్ కలిపి పట్టణాల్లో సుమారు ఏడున్నర శాతం. 40 లక్షల ఫ్లాటుకి 3 లక్షలు. బ్యాంకు అప్పు లెక్కలో సాధారణంగా ఇవి కలపరు. ఆ 3 లక్షలూ, చేతి నుంచి పెట్టుకోవాల్సిన 10 లక్షలూ ఎక్కణ్నుంచి వస్తాయి? నాకు తెలిసిన ఇళ్ళల్లో చాలామటుకు చీటీ ముందే తక్కువకి పాడుకోవడం వల్లా, ఇల్లాలి బంగారం వల్లా. మజూరీ, తరుగు పోయి, వచ్చినంతకి అమ్మేస్తారు. పదేళ్ళ తర్వాత "ఈ ఇంటికి ఎంతయింది?" అని లెక్క వేసేటప్పుడు ఆ గాజుల జత ఏ కాయితంలోనూ ఉండదు.

బీమా ఇంకొకటి. అప్పుకి రక్షణ ఉండడం మంచిదే. కానీ 90 వేల ప్రీమియాన్ని ఒకేసారి అప్పులోనే కలిపేస్తారు. ఎనిమిదిన్నర శాతంతో ఇరవయ్యేళ్ళకి అది ఒక లక్షా 87 వేలవుతుంది. ఈ కంపెనీదే తీసుకోవాలన్న నిర్బంధం లేదు. విడిగా టర్మ్ పాలసీ ఎంతకి వస్తుందో కనుక్కుని చూడండి. 2024 అక్టోబరు 1 నుంచి మంజూరయ్యే అప్పులకి ముఖ్య వివరాల పత్రం అని ఒకటి ఇవ్వాలి. ఇలాంటి ఖర్చులన్నీ కలిపి ఏడాదికి అసలు రేటు ఎంత పడుతుందో అందులో ఉంటుంది. మనకి అర్థమయ్యే భాషలో ఇవ్వాలన్నది కూడా నిబంధనే. తెలుగులో అడగండి. ఆలోచించుకోవడానికి కనీసం మూడు పనిదినాలు టైముంటుంది.

ఇప్పుడు నాకు అన్నిటికన్నా ముఖ్యమనిపించే మాట. ఆడవాళ్ళ పేర అప్పు తీసుకుంటే కొన్ని సంస్థలు 0.05 శాతం తగ్గిస్తాయి. మన 30 లక్షల లెక్కలో నెలకి 95 రూపాయలు. దీనికే పెద్ద ప్రచారం. కానీ జీతం ఉంటే చాలు, భార్యని సహరుణగ్రహీతగా పెడతారు. ఆవిడ జీతం కలిస్తే అప్పు ఎక్కువొస్తుంది. సేల్ డీడ్ మాత్రం ఆయన ఒక్కడి పేరు మీదే. "ఎవరి పేర ఉంటే ఏమైంది, ఇల్లు మనదేగా" అంటారు. అప్పుకి సంతకం పెట్టిన ఇద్దరూ మొత్తం బాకీకి జవాబుదారులే, సగానికి కాదు. మూడు నెలలు వాయిదాలు తప్పితే మొండిబాకీ అంటారు. 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద అరవై రోజుల నోటీసిచ్చి ఇల్లు స్వాధీనం చేసుకోవచ్చు. ఈవిడ సిబిల్ స్కోరూ పోతుంది. ఆ ఇంట్లో ఆవిడ పేరన గోడకి మేకు కూడా ఉండదు.

ఆయనకేమైనా అయితే? వీలునామా లేకపోతే, హిందూ వారసత్వ చట్టం ప్రకారం భార్యకీ, పిల్లలకీ, ఆయన తల్లికీ సమాన వాటాలు. ఇద్దరు పిల్లలూ అత్తగారూ ఉంటే ఈవిడకి వచ్చేది నాలుగో వంతు. కానీ మిగిలిన అప్పు కోసం బ్యాంకు మొత్తానికీ ఈవిడనే అడగొచ్చు. మా దూరపు చుట్టాల్లో ఒకావిడకి ఇదే జరిగింది. ఏడేళ్ళు ఆవిడ జీతంలోంచి వాయిదాలు కడుతూ, ఇల్లు అమ్ముదామంటే అందరి సంతకాలూ కుదరక నానా యాతనా పడింది. కొనేటప్పుడే ఇద్దరి పేర్లూ రాయించుకుంటే అదనంగా ఒక్క పైసా కాదు. తరవాత చేర్చాలంటే గిఫ్ట్ డీడ్ రాసి మళ్ళీ స్టాంపు డ్యూటీ కట్టుకోవాలి. అప్పు కాయితం మీద సంతకం అడిగిన రోజునే సేల్ డీడ్ ముసాయిదా కూడా చూపించమనండి. ఇందులో మొహమాటపడాల్సింది ఏమీ లేదు.

ఇంకా కట్టని ఇళ్ళ సంగతి వేరే కథ. బిల్డరుకి విడతలుగా ఇచ్చిన డబ్బు మీద వడ్డీ మాత్రమే కడుతుంటాం, అసలు ఒక్క రూపాయి తగ్గదు. పక్కన అద్దె కూడా. ఢిల్లీ చుట్టుపక్కల ఇలా ఇరుక్కున్న వేలమంది గోడు విని సుప్రీంకోర్టు 2025లో బిల్డర్లు, బ్యాంకుల కుమ్మక్కుపై సీబీఐ విచారణకి ఆదేశించింది. కట్టడం పూర్తయి, ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ వచ్చిన ఇంటికి జీఎస్టీ కూడా ఉండదు.

పన్ను మిగులుతుందని అప్పు చెయ్యమనే మామయ్యలు ప్రతి ఇంట్లో ఒకరుంటారు. 2023-24 నుంచి కొత్త పన్ను విధానమే మామూలు విధానం అయింది. సొంతంగా ఉండే ఇంటి వడ్డీకి అందులో మినహాయింపు లేదు. పాత విధానం ఎంచుకున్నవాళ్ళకి ఏడాదికి 2 లక్షల దాకా ఉంది. ముప్ఫై శాతం పన్ను కట్టేవాళ్ళకైనా నూరు రూపాయల వడ్డీకి మిగిలేది ముప్ఫై.

మరి భారం తగ్గే దారి ఏదంటే, ముందే కట్టడం. అదీ మొదటి ఏళ్ళలో. మన లెక్కలో ఏడాది పూర్తవగానే 2 లక్షలు అసలుకి జమ చేస్తే 34 వాయిదాలు తగ్గిపోతాయి. దాదాపు 8 లక్షల 85 వేలు. బోనసో, పాడిన చీటీయో, పొలం కౌలో ఏది వచ్చినా ముందు అటే. ఫ్లోటింగ్ రేటు ఇంటప్పుకి ముందే కట్టినందుకు వ్యక్తుల నుంచి జరిమానా తీసుకోకూడదని బ్యాంకులకి 2012లోనే రిజర్వు బ్యాంకు చెప్పింది. కట్టేటప్పుడు "వాయిదా అలాగే ఉంచి గడువు తగ్గించండి" అని రాసివ్వండి, అక్నాలెడ్జిమెంటు తీసుకోండి. ఆపద కోసం ఆర్నెల్ల ఖర్చు విడిగా ఉంచుకున్నాకే సుమా.

చివరి వాయిదా కట్టాక కూడా పని ఉంది. అసలు దస్తావేజులన్నీ ముప్ఫై రోజుల్లో తిరిగివ్వాలి. తమ తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకి 5 వేల రూపాయల చొప్పున పరిహారం ఇవ్వాలి. 2023 డిసెంబరు 1 నుంచి ఇది అమల్లో ఉంది. కాయితాలు చేతికొచ్చాక సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో ఈసీ తీయించి, తాకట్టు ఎంట్రీ రద్దయిందో లేదో చూసుకోండి.